మీ జాబితాలో కానిస్టేబుల్ ఏడీ?

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో సూపర్ హీరోల మీద నాలుగు పేజీల కథనం వేశారు. రంగులు బాగా వచ్చాయి. ఫొటో తీసి పంపమని మా మనవడు అడిగితే పంపాను కూడా. అందులో వేరే గ్రహం నుంచి వచ్చినవాడున్నాడు, కోటీశ్వరుడున్నాడు, సాలీడు కుట్టిన కుర్రాడున్నాడు, ఏకంగా దేవుడే ఉన్నాడు. నెల జీతం మీద బతికేవాడు మాత్రం ఒక్కడూ లేడు. 1975 నుంచి 2011 దాకా ఖాకీ వేసుకున్నవాణ్ణి, నా కళ్లకు ముందు అదే కనిపించింది. అమెరికా బొమ్మల పుస్తకాల్లో బీటు కానిస్టేబుల్‌గా ఉంటూ హీరో అయినవాడు ఒకడున్నాడు. పేరు గార్డియన్. ఎనభై ఏళ్లు దాటినా పెద్దగా పేరు రాలేదు. మీరు వదిలేసినందుకు నాకు కోపమేమీ లేదు. కానీ అతనికీ పేపర్లకీ ఉన్న చుట్టరికం తెలిసుంటే మీరే వదిలేవారు కాదని ఈ ఉత్తరం.

అతను నాకెలా తగిలాడో ముందు చెప్పాలి. 2023 చలికాలంలో న్యూజెర్సీలో మా అమ్మాయి దగ్గర ఆరు నెలలున్నాను. ఊరు ఎడిసన్. బయటికి వెళ్దామంటే మంచు, లోపల కూర్చుందామంటే టీవీ మొత్తం ఇంగ్లిష్. మా మనవడికి అట్టపెట్టెల నిండా కామిక్స్. ఒక్కో పుస్తకాన్నీ ప్లాస్టిక్ కవర్లో పెట్టి, చేతులు కడుక్కుంటే గానీ ముట్టుకోనివ్వడు. స్టేషన్‌లో కేసు ప్రాపర్టీని కూడా మేం అంత జాగ్రత్తగా దాచలేదు. ఒకరోజు లావుపాటి పుస్తకం తెచ్చి, "తాతయ్యా, నువ్వు పోలీసువి కదా, ఇతనూ పోలీసే" అని ఒళ్లో పెట్టాడు. నాకొచ్చిన ఇంగ్లిష్ జనరల్ డైరీలో నాలుగు ముక్కలు రాసేంత వరకే. అయినా బొమ్మలున్నాయి, పక్కన వాడున్నాడు. రోజుకు ఒక కథ చొప్పున చదివాం.

హీరో అసలు పేరు జిమ్ హార్పర్. కొత్తగా ఉద్యోగంలో చేరిన కానిస్టేబుల్. అతని బీటు ఒక మురికివాడ. దానికి 'సూసైడ్ స్లమ్' అని పేరు పెట్టారు రాసినవాళ్లు. ఒక రాత్రి డ్యూటీ దిగి మామూలు బట్టల్లో వెళ్తుంటే రౌడీలు పట్టుకొని చావబాదుతారు. ఒళ్లంతా దెబ్బలతో వేషాలు అద్దెకిచ్చే కొట్టులోకి దూరి, నీలం రంగు దుస్తులు, పసుప్పచ్చ శిరస్త్రాణం, ఒక డాలు తీసుకుంటాడు. వాటికి సరిపడా డబ్బు అక్కడే పెట్టి మరీ వెళ్తాడు. పోలీసువాడు కొట్లో వస్తువు తీసుకొని, ఎవరూ చూడకుండా, అడక్కుండా డబ్బు పెట్టి వెళ్లాడంటే మా ఊళ్లో కిరాణా కొట్లవాళ్లు నమ్మరు. సాలీడు కుట్టడమైనా నమ్ముతారు.

అతనికి శక్తులేమీ లేవు. ఎగరడు. గుండు తగిలితే చస్తాడు. ఉన్నదల్లా ఆ డాలు, రెండు పిడికిళ్లు. డాలు కూడా పోలీసు బ్యాడ్జీ ఆకారంలో ఉంటుంది. అమెరికాలో పోలీసు బ్యాడ్జీనే 'షీల్డ్' అంటారని మా మనవడు చెప్పాక ఆ బొమ్మ నాకు ఇంకా నచ్చింది. ఛాతీ మీదుండే బిళ్లను పెద్దది చేసి చేతికిచ్చారన్నమాట.

ఒక పోలీసుగా నాకు అతని మీద ఫిర్యాదు కూడా ఉంది. చట్టప్రకారం అరెస్టు చేసే అధికారం చేతిలో ఉన్నవాడు ముసుగు వేసుకోవడమేమిటి? రేపు కోర్టులో ముద్దాయిని పట్టుకున్నదెవరని డిఫెన్సు వకీలు అడిగితే ఎవరిని చూపిస్తారు? పంచనామా మీద ఎవరు సంతకం పెడతారు? మామూలు మనిషి కూడా కళ్లెదుట జరిగిన పెద్ద నేరంలో నేరస్థుణ్ణి పట్టుకోవచ్చని మన పాత నేర విచారణ చట్టం సీఆర్‌పీసీ 43వ సెక్షన్‌లో ఉండేది. ఇప్పుడది, దాని బదులు వచ్చిన బీఎన్ఎస్ఎస్‌లో 40 అయింది. కానీ పట్టుకున్నాక వెంటనే పోలీసుకు అప్పగించాలి. ఇక్కడ పట్టుకున్నవాడూ పోలీసే, అప్పగించాల్సిందీ పోలీసుకే. ఇదంతా చెబితే మా మనవడు పడి పడి నవ్వాడు. "తాతయ్యా, ఇది కామిక్" అన్నాడు. నిజమే. కానీ ఆ పుస్తకంలో కామిక్ కాని సంగతి ఒకటుంది. ఈ ఉత్తరం రాస్తున్నది దాని గురించే.

ఆ వాడలో పేపర్లమ్ముకొని బతికే నలుగురు అనాథ పిల్లలుంటారు. టామీ వాళ్లకు నాయకుడు. బిగ్ వర్డ్స్ అనేవాడికి చదువు పిచ్చి, పెద్ద పెద్ద మాటలు తప్ప మాట్లాడడు. గాబీ నోరు మూయడు. స్క్రాపర్‌కి ప్రతిదానికీ చెయ్యే లేస్తుంది. చిన్న నేరంలో దొరికిపోతే నలుగుర్నీ జడ్జి ముందు నిలబెడతారు. బాల నేరస్థుల బడికి పంపడం ఒక్కటే మిగిలింది. అప్పుడు కానిస్టేబుల్ హార్పర్ ముందుకొచ్చి, అయ్యా, వీళ్లు చెడ్డవాళ్లు కాదు, నా పూచీ మీద వదలండి అని అడుగుతాడు. కోర్టు అతన్ని ఆ నలుగురికీ గార్డియన్‌గా నియమిస్తుంది.

ఆ మాట మనకీ కొత్త కాదు. మైనరు పేరున్న దస్తావేజుల్లో, కేసు కాగితాల్లో గార్డియన్ ఫలానా అని రాయడం నా సర్వీసంతా చూశాను. రాత్రి ముసుగు వేసుకున్నప్పుడూ అతని పేరు అదే, పగలు కోర్టు కాగితం మీదా అదే. పిల్లలకేమో ముసుగువాడు మన జిమ్మేనని అనుమానం. ప్రతి కథలో పట్టుకోవాలని చూస్తారు, ప్రతి కథలో తప్పించుకుంటాడు. ఆ దాగుడుమూతలు పిల్లలకు సరదాగా ఉంటాయి. నాకు మాత్రం జడ్జి ముందు నిలబడిన బొమ్మ దగ్గరే ఆగిపోయింది. అక్కడ అతనికి డాలు లేదు, శిరస్త్రాణం లేదు. అతను చేసిన పనుల్లో పెద్దది ముసుగు లేకుండా చేసిందే.

ఈ కథ మొదట వచ్చింది 1942 ఏప్రిల్ సంచికలో. పుస్తకం ఖరీదు పది సెంట్లు. తయారుచేసినవాళ్లు జో సైమన్, జాక్ కిర్బీ. మీ కథనంలో కెప్టెన్ అమెరికా బొమ్మ పెద్దగా వేశారు కదా, అంతకు ఏడాది ముందు ఆయన్నీ పుట్టించింది వీళ్లిద్దరే. కెప్టెన్ అమెరికాకు సైన్యం మందు ఎక్కించి బలం ఇచ్చింది. అదే చేతులు గీసిన మా కానిస్టేబుల్‌కు మందూ లేదు, మాకూ లేదు. డాలు ఇద్దరికీ ఉంది, పేరు ఒక్కడికే వచ్చింది.

సైమన్ బొమ్మల పుస్తకాల్లోకి రాకముందు పేపర్ ఆఫీసుల్లో బొమ్మలు వేసినవాడు. అంటే మీ వాడే. కిర్బీ అసలు పేరు జేకబ్ కుర్ట్స్‌బర్గ్. ఆస్ట్రియా నుంచి వలసొచ్చిన యూదు కుటుంబం. తండ్రి బట్టల ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. 1917లో న్యూయార్క్ లోయర్ ఈస్ట్ సైడ్‌లో పుట్టాడు. అప్పట్లో అది ఇసుకేస్తే రాలనంత జనం ఉండే పేదల వాడ. ఒక వీధి పిల్లలు ఇంకో వీధి పిల్లలతో కొట్టుకునేవాళ్లు, ఈయనా కొట్టుకున్నాడు. ఆ వాడలోనే బాయ్స్ బ్రదర్‌హుడ్ రిపబ్లిక్ అని పిల్లలే నడుపుకునే సంఘం ఒకటుండేది. దానికి పిల్లల్లోంచే మేయరు, దానికో సొంత పత్రిక. ఆ పత్రికకు చిన్న కిర్బీ బొమ్మలు వేసేవాడు. సూసైడ్ స్లమ్ మెట్లూ, మెట్ల మీద కూర్చున్న పిల్లలూ ఎక్కణ్ణుంచి వచ్చారో నాకు వేరే చెప్పక్కర్లేదు. మంచు తగ్గాక మనవడు నన్ను రైల్లో న్యూయార్క్ తీసుకెళ్లి ఎసెక్స్ వీధిలో నడిపించాడు. కిర్బీ పుట్టిన వీధి అదే. ఇప్పుడు కాఫీ కొట్లు, అద్దాల మేడలు. అయినా ఇనప మెట్లున్న పాత ఇళ్లు అక్కడక్కడా మిగిలాయి. వాటి ముందు నిలబడి ఫొటో దిగాను. పోజు పెట్టమంటే అలవాటు కొద్దీ అటెన్షన్‌లో నిలబడ్డాను.

1943లో కిర్బీని సైన్యంలోకి పిలిచారు. మరుసటేడు ఫ్రాన్సులో దిగాడు. చలికి కాళ్లు దెబ్బతిని ఆస్పత్రి పాలయ్యాడు. గార్డియన్ కథలు వేరేవాళ్ల చేతుల మీదుగా 1947 జనవరి దాకా నడిచి ఆగిపోయాయి.

అమెరికాలో పేపర్ల పిల్లలంటే ఉత్త కల్పన కాదు. 1899 జూలైలో న్యూయార్క్‌లో ఆ పిల్లలు సమ్మె చేశారు. పులిట్జర్ పత్రిక మీద, హెర్స్ట్ పత్రిక మీద. ఏటా బహుమతులిస్తారే, ఆ పులిట్జరే. పిల్లలు వంద పేపర్లు యాభై సెంట్లకు కొనుక్కొని అమ్ముకునేవాళ్లు. 1898లో స్పెయిన్‌తో యుద్ధం వచ్చింది. పేపర్లు వేడి పకోడీల్లా అమ్ముడుపోతుంటే అరవై సెంట్లు చేశారు. యుద్ధం అయిపోయాక మిగతా పత్రికలు పాత ధరకు దిగాయి. ఈ రెండూ దిగలేదు. అమ్ముడుపోని కాపీల నష్టం కూడా పిల్లల నెత్తినే. రెండు వారాలు ఆ రెండు పేపర్లూ ముట్టలేదు, బ్రూక్లిన్ వంతెన మీద రాకపోకలు ఆపేశారు. చివరికి ధర తగ్గలేదు గానీ, మిగిలిన కాపీలు వెనక్కి తీసుకోవడానికి యజమానులు ఒప్పుకున్నారు. మా మనవడు ఇది చదివి వినిపిస్తుంటే నేను కుర్చీలోంచి లేచాను. ఎందుకంటే నేనూ పేపర్ బాయ్‌నే.

1965లో, పన్నెండేళ్లప్పుడు మొదలుపెట్టాను. తెల్లవారుజామున విజయవాడ నుంచి పాసింజర్ బండిలో కట్టలు వచ్చేవి. స్టేషన్‌లో కట్టలు విప్పి, లెక్కపెట్టి, సైకిల్ బార్‌కి సంచి తగిలించుకొని నలభై మూడు ఇళ్లకు వేసేవాణ్ణి. వానొస్తే చొక్కా విప్పి పేపర్ల మీద కప్పేవాళ్లం. మనిషి తడిస్తే ఆరతాడు, పేపర్ తడిస్తే ఏజెంటు కోత కోస్తాడు. ఆ జీతంతోనే ఎస్సెల్సీ ఫీజు కట్టాను.

మళ్లీ గార్డియన్ దగ్గరికొస్తాను. 1970లో కిర్బీ తిరిగొచ్చి, పెద్దగా ఎవరూ పట్టించుకోని ఒక పుస్తకం చేతిలోకి తీసుకున్నాడు. అందులో ఆ నలుగురు పేపర్ల పిల్లలు పెద్దవాళ్లయ్యారు. వాళ్లకు వాళ్లలాంటి కొడుకులు. జిమ్ హార్పర్ చచ్చిపోయాడు. తాము పనిచేసే ప్రయోగశాలలో అతని కణాలతో మళ్లీ అతన్ని తయారుచేసుకుంటారు ఆ నలుగురూ. ఇలాగే కణంతో తయారైన డాలీ గొర్రె గురించి లోకం వినడానికి పాతికేళ్ల ముందు మాట ఇది. సైన్సు నాకు తెలీదు. తల్లీదండ్రీ లేని పిల్లలు పెద్దయ్యి, తమను సాకిన కానిస్టేబుల్‌కు మళ్లీ ప్రాణం పోశారన్నంత వరకే అర్థమైంది. అది చాలు.

ఇంకో గార్డియన్ 2005లో వచ్చాడు. గ్రాంట్ మారిసన్ రాస్తే, కెమరాన్ స్టూవర్ట్ బొమ్మలు వేశాడు. మొత్తం నాలుగే పుస్తకాలు. ఇతని పేరు జేక్ జోర్డన్, నల్లజాతివాడు, మాజీ పోలీసు. ఇతన్ని ఉద్యోగంలో పెట్టుకున్నది ఎవరో తెలుసా? ఒక వార్తాపత్రిక. దాని పేరు మన్‌హట్టన్ గార్డియన్. ఆ పత్రిక నేరాల వార్తలు రాసి ఊరుకోదు, వాటిని ఆపడానికి జీతమిచ్చి ఒక హీరోని పెట్టుకుంటుంది. పాఠకులే దానికి విలేకరులు. అతను మొదట తలపడింది న్యూయార్క్ భూగర్భ రైళ్ల సొరంగాల్లో తిరిగే దొంగల ముఠాతో. సముద్రపు దొంగల్లా ఉంటారు, ఓడల బదులు రైళ్లు. మీ పత్రిక అలాంటి పోస్టుకు ప్రకటన వేస్తే మా రిటైర్డ్ ఉద్యోగుల సంఘంలో ఒకరిద్దరు దరఖాస్తు పెట్టేలా ఉన్నారు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లకు మినహాయింపు ఉంటుందేమో కనుక్కోమన్నారు.

కానీ జేక్ జోర్డన్ పోలీసు ఉద్యోగం ఎందుకు మానేశాడో చదివినప్పుడు నాకు నవ్వు రాలేదు. తనతో కలిసి పనిచేసే పోలీసును చంపాడనుకొని ఒకణ్ణి కాల్చేస్తాడు. చనిపోయినవాడు ఆ తప్పు చేయలేదు. తర్వాత యూనిఫాం వేసుకోలేకపోయాడు. ఇంట్లో ఖాళీగా కూర్చుని కుళ్లిపోతున్నవాడికి పేపర్ ఉద్యోగం దొరుకుతుంది. ఆ పేజీ దగ్గర నేను పుస్తకం మూసి, నిద్రొస్తోందని చెప్పాను. నిద్ర రాలేదు.

నేను ఎవరినీ కాల్చలేదు. 1984లో నైట్ బీటులో ఉన్నాను. బస్టాండు దగ్గర వరసగా సైకిళ్లు పోతున్నాయి. పట్టుకోకపోతే మా మీద కేకలు. తెల్లవారుజామున నాలుగు, నాలుగుంపావు. సన్నగా తుంపర. పదమూడేళ్ల కుర్రాడు పెద్దవాళ్ల సైకిల్ మీద, సీటు అందక బార్ సందులోంచి కాలు పెట్టి తొక్కుతూ వస్తున్నాడు. లైటు లేదు. ఆకుపచ్చ హీరో సైకిల్, వెనక మడ్‌గార్డు మీద తెల్ల పెయింటుతో ఎవరిదో పేరు. ఆపి, సైకిల్ ఎవరిదిరా అంటే తడబడ్డాడు. స్టేషన్‌కి తీసుకెళ్లాను. లాఠీతో పిక్కల మీద కొట్టాను. ఎన్ని దెబ్బలో లెక్క పెట్టలేదు. పేపర్ల సంచి స్టేషన్ మెట్ల మీదే వదిలేశాను, అవన్నీ తడిసి ముద్దయ్యాయి. ఏడున్నరకు ఏజెంటు వచ్చి, సైకిల్ నాదేనయ్యా, పేపర్లు వేయడానికి నేనే ఇచ్చానన్నాడు. పంపించెయ్ అన్నారు, పంపించేశాను. జనరల్ డైరీలో ఏమీ రాయలేదు. నాలుగు గంటలకు పేపర్ సంచితో వెళ్లే పిల్లాడు దొంగ కాదని ఆ స్టేషన్‌లో అందరికన్నా ముందు తెలియాల్సింది నాకే. నేనూ సీటందక బార్ సందులోంచి తొక్కినవాణ్ణే. తడిసిన పేపర్ల డబ్బు వాడి జీతంలోంచే కోశారని తర్వాత తెలిసింది. ఆ డబ్బు నేనిచ్చి ఉండొచ్చు. ఇవ్వలేదు.

జిమ్ హార్పర్ కథ చదివిన రోజే ఇది గుర్తొచ్చింది. మనవడికి చెప్పలేదు. "నీ సర్వీసులో నువ్వు కూడా ఎవరినైనా కాపాడావా తాతయ్యా?" అని అడిగాడు. వరదల్లో పడవ నడిపిన సంగతి చెప్పాను. అదీ నిజమే.

అందుకే సంపాదకులు గారూ, మళ్లీ ఎప్పుడైనా సూపర్ హీరోల పేజీ వేస్తే గార్డియన్‌కి కాస్త చోటివ్వండి. ఎగిరి దూకే బొమ్మ వద్దు. కోర్టులో నలుగురు పిల్లల పక్కన మామూలు కానిస్టేబుల్‌గా నిలబడ్డ బొమ్మ దొరికితే అది వేయండి.

నా పేరు వేయొద్దు. ఇంకో మాట కూడా రాయాలి. ఆ కుర్రాడికి ఇప్పుడు యాభై నాలుగేళ్లు. మా పేటకు మీ పత్రిక ఏజెంటు అతనే. నేను రిటైరై ఈ ఇంటికొచ్చినప్పటి నుంచీ మా గుమ్మంలో పేపర్ వేస్తున్నాడు. పిల్లలెవరూ పనికి రావడం లేదని ఈమధ్య తనే స్కూటీ మీద వస్తున్నాడు. నెల మొదట్లో బిల్లుకొస్తాడు, చిల్లర ఇచ్చి వెళ్తాడు. నన్ను గుర్తుపట్టాడో లేదో ఇన్నేళ్లలో ఒక్కసారీ తేలలేదు. మీరు ఈ ఉత్తరం అచ్చువేస్తే పొద్దున్నే కట్ట విప్పేది అతనే. ఉత్తరాల పేజీ చదివే అలవాటు అతనికి ఉంది, నాకు తెలుసు. ఆకుపచ్చ సైకిల్, మడ్‌గార్డు మీద తెల్ల పెయింటు అనే ముక్కలు దయచేసి కత్తిరించకండి.

ఇట్లు,
ఒక రిటైర్డ్ హెడ్ కానిస్టేబుల్